తల్లి వేషానికి ముందు

మొన్న పప్పులో ఉప్పు వేయడం మరిచిపోయాను. పక్క గదిలో కూర్చుని తింటున్న మనవరాలు నోరు తెరిచి ఆ మాట చెప్పలేదు. ఫోనులో ఒక బొమ్మ పంపింది. తెరిచి చూస్తే ఒక పెద్దావిడ, నెరిసిన జుట్టు చెదిరిపోయి, పైట చెంగు నోటికి అడ్డం పెట్టుకుని, కళ్ళ నిండా నీళ్ళతో తల అడ్డంగా ఊపుతోంది. ఊపి, ఆగి, మళ్ళీ మొదటినుంచీ ఊపుతోంది. కింద "అయ్యో దేవుడా" అని రాసి ఉంది. ఈ బొమ్మ ఇప్పుడు పిల్లలందరి ఫోన్లలోనూ ఉందట. బస్సు తప్పిపోతే ఇదే పంపుకుంటారు, పరీక్ష పోతే ఇదే.

"ఈవిడెవరో తెలుసా నీకు?" అని అడిగాను.

"పాత సినిమాల్లో అమ్మ. ఎప్పుడూ ఏడుస్తూనే ఉంటుంది" అంది.

"మా మేనత్త" అన్నాను. అది నవ్వేసి చెయ్యి కడుక్కోవడానికి వెళ్ళిపోయింది. నమ్మకపోవడంలో దాని తప్పేమీ లేదు. ఆవిడ పేరు తెర మీద ఎన్నడూ ఒంటరిగా పడలేదు. పదిమంది పేర్ల మధ్య వచ్చి, కూడబలుక్కుని చదివేలోపు వెళ్ళిపోయేది.

నేను ఆ ముఖాన్ని మొదటిసారి చూసినప్పుడు అది ఏడవడం లేదు. ఎండిపోయిన కాలవ మధ్యలో నిలబడి, ఎండకి కళ్ళు చికిలించి, నవ్వుతోంది.

అప్పట్లో మా ఊరికి ఊరనే పేరు కూడా లేదు. క్యాంపు అనేవారు. సింధనూరులో బాళగనూరు వైపు వెళ్ళే బస్సెక్కి, మధ్యలో ఒక తూము దగ్గర దిగి, కాలవ గట్టు పట్టుకుని నడిచి రావాలి. కృష్ణ ఒడ్డున ఉన్న కాస్త పొలం అమ్ముకుని మా పెద్దవాళ్ళు తుంగభద్ర నీళ్ళ కోసం ఈ కన్నడ సీమకొచ్చారు. చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు మమ్మల్ని ఆంధ్రోళ్ళు అనేవారు. మావాళ్ళకి అన్నం లేకపోతే పూట గడిచేది కాదు. పొలానికొచ్చే ఆడకూలీలు జొన్నరొట్టె, గురెళ్ళనే నల్లగింజలు వేయించి దంచిన కారం మూట కట్టుకొచ్చేవారు. నాయనమ్మ ఆవకాయ జాడీలోంచి ముక్కలు దొంగిలించి, నేనూ తమ్ముడూ ఆ రొట్టెలకి మార్చుకునేవాళ్ళం. నల్లగా, గరగరలాడే ఆ కారం నాలుక మీద ఇప్పటికీ తగులుతుంది నాకు.

వేసవిలో కాలవ కట్టేసేవారు. అడుగున బురద బీటలు వారి పెంకుల్లా లేచేది. అక్కడక్కడా మిగిలిన గుంటల్లో చిన్న చేపలు కొట్టుకునేవి. ఆ రోజు మధ్యాహ్నం మేం ఆ చేపల మీద పడి ఉన్నాం. గట్టు మీద నల్లకళ్ళద్దాలు పెట్టుకుని, తోలుపెట్టె పట్టుకుని ఒకావిడ ఆగింది.

"ఏమర్రా పిల్లలూ, కాలవలో నీళ్ళేవీ?"

"కట్టేశారు. వానలొచ్చాక వదుల్తారు" అన్నాడు తమ్ముడు.

"అమ్మయ్య. అయితే ములిగిపోను" అని చెప్పులు విప్పి చేత్తో పట్టుకుని, గట్టు మీంచి జారి మా మధ్యకి దిగింది. పెట్టె ముందు జారింది, వెనకాల ఆవిడ. దుమ్ము దులుపుకుని మా నాన్న పేరు చెప్పి ఇల్లెక్కడని అడిగింది.

"అది మా ఇల్లే" అన్నాను.

కళ్ళద్దాలు తీసి నన్ను చూసింది. "మీ నాయనమ్మ ముక్కు వచ్చిందే నీకు, పాపం."

"మీరెవరు?"

"మీ అత్తని."

"మాకు అత్త లేదు" అన్నాడు తమ్ముడు.

"లేదని ఎవరు చెప్పారు?"

"నాన్న."

అప్పుడు నవ్వింది. నేను చెప్పిన నవ్వు అదే. "మీ నాన్న ఏది చెప్పినా ఆలోచించే చెప్తాడు. పదండి, లేనని నేను కూడా వింటాను."

మేం వెళ్ళేసరికి నాన్న దొడ్లో గేదెలకి కుడితి కలుపుతున్నాడు. తలెత్తి చూశాడు. చేతిలో బాల్చీ కింద పడలేదు, ఏమీ కాలేదు. మిగిలిన నీళ్ళు కూడా తొట్లో పోసి, బాల్చీ బోర్లించి, వెనక తలుపు గుండా పొలం వైపు వెళ్ళిపోయాడు. వంటింట్లో అమ్మ ఆవపిండి జల్లిస్తుంటే నాయనమ్మ ఆవకాయ కలుపుతోంది. మోచేతుల దాకా కారం, నూనె. అలాగే గుమ్మంలోకి వచ్చి నిలబడింది. ముట్టుకుంటే అంటుకుంటుందని చేతులు దూరంగా పట్టుకుని, అలా చూస్తూ ఉంటే, అత్తే వెళ్ళి ఆ చేతుల మధ్యలోకి దూరింది. లేతరంగు చీర వీపంతా ఎర్రగా అయిపోయింది.

సంగతేమిటో మాకు తర్వాత ముక్కలు ముక్కలుగా తెలిసింది. మావాళ్ళు ఇంకా కృష్ణ ఒడ్డున ఉన్నప్పుడు ఊళ్ళోకి ఒక నాటకాల కంపెనీ వచ్చింది. వెళ్ళేటప్పుడు దాంతో పాటు పదహారేళ్ళ అత్త కూడా వెళ్ళిపోయింది. నాటకాల నుంచి మద్రాసు, మద్రాసులో సినిమాలు. హీరోయిన్‌కి స్నేహితురాలు, హీరోకి చెల్లెలు, అలాంటి వేషాలు. ఇక్కడికొచ్చాక నాన్న క్యాంపులో అందరికీ తను ఒక్కగానొక్క బిడ్డనని చెప్పాడు. నాయనమ్మ అవునని అనలేదు, కాదనీ అనలేదు. ఇప్పుడు ఆ అబద్ధం తోలుపెట్టెతో సహా మా వసారాలో కూర్చుంది. సాయంత్రానికి క్యాంపులోని ఆడవాళ్ళంతా మజ్జిగ తోడుకనీ, జల్లెడకనీ మా ఇంటికి వచ్చి వెళ్ళారు.

నాన్న అన్నానికి కూర్చుని, విస్తరి వైపు చూస్తూ, "ఆవిణ్ణి కూడా తినమనమ్మా" అన్నాడు. ఆ వాక్యంతో ఆ కాలమంతా మా ఇంట్లో ఒక పద్ధతి స్థిరపడిపోయింది. అత్త చేతికందేంత దూరంలో కూర్చున్నా నాన్న ఆమెతో మాట్లాడేవాడు కాదు. నాయనమ్మతో చెప్పేవాడు. అత్త కూడా నాయనమ్మకే జవాబు చెప్పేది. ఇద్దరి మధ్యా నాయనమ్మ నోరు తెరిచే అవసరం లేకుండానే మాట అటూ ఇటూ వెళ్ళేది.

ఎందుకొచ్చావని ఎవరడిగినా, ఆవకాయ కోసం అనేది అత్త.

ఆవిడ పెట్టె తెరిస్తే ఇల్లంతా వేరే వాసన వేసేది. పౌడరు, కర్పూరం, ఎండిన మల్లెపూలు, లక్కలాంటి ఇంకేదో. అందులో ముఖానికి పూసుకునే రంగుల డబ్బా ఒకటుండేది. అందరూ నిద్రపోతున్న ఒక మధ్యాహ్నం మేం దాన్ని ఎత్తుకెళ్ళి గేదెదూడకి ముఖమంతా గులాబీరంగు పూసి, కనుబొమలు దిద్దాం. అత్త లేచి చూసి కేకలెయ్యలేదు. దూడ గడ్డం పట్టుకుని అటూ ఇటూ తిప్పి, "పెదాలు మరిచిపోయారు" అని తనే దిద్దింది.

నాన్న పొలం నుంచి వచ్చి ఆగిపోయాడు. "దానికేమయిందమ్మా?"

"వేషం కట్టింది, రేప్పొద్దున కడిగేస్తామని చెప్పమ్మా" అంది అత్త.

నాన్న తువ్వాలుతో మూతి తుడుచుకున్నాడు. చాలాసేపు తుడుచుకున్నాడు.

అసలు కారణం నాకు మంచం కింద తెలిసింది. నవారు మంచం మీద నాయనమ్మ, అత్త పడుకుని మాట్లాడుకునేవారు. కింద చల్లటి నేల మీద నేను. మద్రాసులో ఎవరో అత్తకి తల్లి వేషం ఇస్తామన్నారట. అప్పటికి ఆవిడకి ముప్పై నాలుగేళ్ళు.

"ఎవడికి తల్లినో తెలుసా అమ్మా? నిన్నగాక మొన్న నేను చెల్లెలిగా వేసినవాడికి. వాడి పెళ్ళి పాటలో చప్పట్లు కొట్టాను. ఇప్పుడు జుట్టుకి తెల్లరంగు పూసుకుని వాడికి గోరుముద్దలు పెట్టాలట."

"ఒక్కసారికేగా, వేసెయ్యకపోయావా?"

"ఒక్కసారి తెల్లరంగు పూసుకుంటే మళ్ళీ నల్లజుట్టు వేషం ఎవరూ ఇవ్వరు. చెయ్యనని చెప్పి వచ్చేశాను."

నాయనమ్మ చాలాసేపు విసనకర్ర విసిరింది. "పోనీలే, ఇక్కడే ఉండు" అంది.

వానలు పడ్డాయి. తుంగభద్ర నిండిందని కబురొచ్చింది. కాలవకి నీళ్ళు వదిలే రోజు తెల్లవారుజామునే పిల్లలందరం గట్టు మీద ఉన్నాం. ఆ దృశ్యం ఈనాటి పిల్లలకి ఎలా చెప్పాలో తెలియదు. మొదట ఏమీ కనపడదు. దూరంగా ఎవరో గోనెసంచులు ఈడుస్తున్నట్టు చప్పుడు. తర్వాత గోధుమరంగు నురగ ఒకటి వంపు తిరిగి, నిదానంగా నడుస్తూ వస్తుంది. ముందు ఎండుటాకులు, పుల్లలు, పిచ్చుక ఈకలు తోసుకుంటూ, బీటల్లోకి బుడబుడమని దిగుతూ, మళ్ళీ లేస్తూ వస్తుంది. బురద తొలిసారి తడిసిన ఆ వాసన ఊరంతా పాకుతుంది. మేం కాలవ అడుగున నీళ్ళకి ముందు పరుగెత్తేవాళ్ళం, పాదాలు తడవకుండా. ఆ ఏడు మాతో పాటు అత్త కూడా చీర ఎగ్గట్టుకుని పరుగెత్తింది. నీళ్ళు పట్టుకున్నది మొదట ఆవిడనే. మోకాళ్ళ లోతు నురగలో నిలబడి పెద్దగా అరిచింది. అప్పుడు గట్టు మీద నాన్న ఉన్నాడు. "ఎక్కి రమ్మనండర్రా, లోతు పెరుగుతోంది" అని మాకు చెప్పాడు.

నాట్లకి అరకేర వైపు నుంచి ఆడకూలీలు గుంపుగా వచ్చేవారు. అటు అప్పట్లో వాన పడితేనే పంట. క్యాంపు చివర గుడిసెలు వేసుకుని నాట్లు అయ్యేదాకా ఉండేవారు. గుంపుకి పెద్ద ఒకామె. పేరు ఎవరూ అడగలేదు, అరకేరమ్మ అనేవాళ్ళం. పొడుగ్గా, ఎండిన కట్టెలా ఉండేది. ఆ సరిహద్దు తెలుగు మాట మాత్రం ఎప్పుడూ తడిగా, నవ్వుతూ ఉండేది. ఇంట్లో కూర్చోలేక అత్త వాళ్ళతో పాటు మళ్ళోకి దిగింది.

"గట్ల గాదమ్మ" అంది అరకేరమ్మ. "నారు గిట్ల పట్టు, బొటనేలుతోటి జర లోపలికి నొక్కు. నువ్వు మడికి బొట్టు పెట్టినట్టు పెడుతున్నవు."

అందరూ నవ్వారు. అత్త కూడా నవ్వింది. వారం తిరిగేసరికి వరసలో వెనకబడకుండా నాటడం నేర్చుకుంది. వేళ్ళు ఒరుసుకుపోతే నాయనమ్మ పసుపు, నూనె రాసేది.

మధ్యాహ్నం గట్టు మీద రొట్టెలు విప్పాక అత్త వంతు వచ్చేది. సినిమా చూపించమ్మా అని అడిగేవారు. అత్త లేచి దొంగ నడక నడిచేది, హీరో తల విదిలించేది, హీరోయిన్ చెట్టు చుట్టూ తిరిగేది. అన్నిటికంటే ఆఖర్న తల్లి. పైట నోటికి అడ్డం పెట్టుకుని, గుండెలు బాదుకుంటూ, "బాబూ... నన్నొదిలి ఎలా వెళ్ళావురా బాబూ..." అని దీర్ఘం తీసి, చెయ్యి గాల్లో తిప్పి, కాళ్ళు తన్నుకుంటూ గడ్డిలో పడిపోయేది. తనకి ఇస్తామన్న వేషాన్ని ఆవిడ ఎంత అసహ్యించుకుందో ఆ గెంతుల్లో ఉండేదని ఇప్పుడు అనిపిస్తుంది. కూలీలకి అదేం తెలుసు. రొట్టె గొంతులో అడ్డం పడి దగ్గేవారు.

"సాలమ్మ, సాలు, కడుపు నొస్తున్నది" అనేది అరకేరమ్మ, కళ్ళు తుడుచుకుంటూ.

ఆ నాట్ల మధ్యలోనే పెళ్ళి మాట వచ్చింది. సింధనూరులో బియ్యం మిల్లున్న ఒకాయన, మా వైపు నుంచి వచ్చినవాడే, భార్య పోయి ఇద్దరు చిన్న ఆడపిల్లలతో ఉన్నాడు. జీపులో పిల్లల్ని తీసుకుని మా ఇంటికి వచ్చాడు. నెమ్మదైన మనిషి. కుర్చీ అంచున కూర్చుని నాయనమ్మతో మాట్లాడాడు.

"పాత సంగతులు నేనేమీ అడగనండి. సినిమా మాట మాత్రం ఇంట్లో ఎత్తకూడదు. పిల్లలు పెరుగుతున్నారు కదా. అంతే."

వసారాలో అత్త ఆ పిల్లల జడలు విప్పి మళ్ళీ అల్లుతోంది. చిన్నది, నాలుగేళ్ళుంటాయేమో, అత్త పైట చెంగు వేలికి చుట్టుకుని విప్పుతూ, మళ్ళీ చుట్టుకుంటూ కూర్చుంది. నాట్లు అయ్యాక జవాబు చెప్తానంది అత్త. నాయనమ్మ ఆ రోజు నుంచి దేవుడి దగ్గర రెండు దీపాలు పెట్టడం మొదలుపెట్టింది. నాన్న మిల్లాయన వెళ్ళేటప్పుడు జీపు దాకా వెళ్ళి సాగనంపాడు.

నాట్లు ముగిసిన రోజున కూలీలకి పాయసం పెట్టడం రివాజు. ఆ ఏడు వాళ్ళు పాయసం వద్దన్నారు.

"పాయసం ఎప్పుడన్న తాగుతం. నీ సినిమా సూపియ్యమ్మ" అంది అరకేరమ్మ.

అత్త వేసిన పాత సినిమా ఒకటి సింధనూరులో ఆడుతోంది. "ట్రాక్టరు ఖాళీగానే ఉందని చెప్పమ్మా" అన్నాడు నాన్న గోడ వైపు చూస్తూ. ట్రాలీలో గడ్డి పరిచి, అందరం ఎక్కాం. నాయనమ్మకి మధ్యలో దిండు. పక్కింటాయన నడిపాడు. బస్టాండు దగ్గర ఆగి ఒగ్గాణి, మిరపకాయ బజ్జీలు తిన్నాం. తడిపిన బొరుగుల్లో పసుపు, నిమ్మకాయ పులుపు, పక్కన ఆ బజ్జీ ఘాటు. కళ్ళలో నీళ్ళతోనే హాల్లోకి వెళ్ళాం.

తెర మీద హీరోయిన్ వెనక పూలపళ్ళెం పట్టుకుని అత్త కనిపించగానే మా వరసంతా లేచి నిలబడింది. "మా అమ్మ! గదో మా అమ్మ!" వెనకాలవాళ్ళు కూర్చోమని తిట్టారు. కూర్చునేలోపు అత్త తెర మీంచి వెళ్ళిపోయింది. ఆ తర్వాత ఒకసారి హీరోయిన్ చెవిలో ఏదో చెప్పి నవ్వింది, ఒకసారి ఉత్తరం ఇచ్చి పరుగెత్తింది. అంతే. పక్క బెంచీలో కూర్చున్న అసలు మనిషి తల దించుకుని వేళ్ళ మధ్య ఎండిన మట్టి గిల్లుకుంటోంది.

రెండో సగంలో తల్లి కొడుకు శవం మీద పడి ఏడ్చే ఘట్టం వచ్చింది. వేసినావిడ అప్పట్లో అలాంటి వేషాలకి పెట్టింది పేరు. గట్టు మీద అత్త వెక్కిరించింది ఈవిడనే. పైట నోటికి అడ్డం, గుండెలు బాదుకోవడం, ఆ దీర్ఘం, అన్నీ అవే. తమ్ముడు ముందుగానే నవ్వు మొదలుపెట్టాడు. మరెవరూ నవ్వలేదు.

అరకేరమ్మ ఏడుస్తోంది. ముందు నిశ్శబ్దంగా, తర్వాత లోపల్నించి ఏదో తెగినట్టు. తెర మీద ఆ తల్లి ఏడుపు ఆపింది. శవాన్ని తీసుకెళ్ళారు. హాస్యగాడు వచ్చి పడ్డాడు, హాలంతా నవ్వింది. అరకేరమ్మ ఆపలేదు. ముందుకూ వెనక్కీ ఊగుతూ ఏడుస్తూనే ఉంది. అత్త వెళ్ళి ఆమె పక్కన కూర్చుని వీపు మీద చెయ్యి వేసింది. సినిమా అయిపోయేదాకా తీయలేదు.

తిరుగు దారిలో ఎండ పల్చబడింది. రెండు పక్కలా కొత్తగా నాటిన మళ్ళలో ఆకాశం కదులుతోంది. చాలా దూరం వచ్చాక అరకేరమ్మే మాట తీసింది.

"నా పోరడు పోయిండమ్మ, ఈ కాల్వలనే. పనికొచ్చినప్పుడు నా ఎంబడి వచ్చిండు. ఎండిన వాగులు సూసినోడు. గన్ని నీళ్ళు ఎన్నడన్న సూసిండా? ఈత కొట్టొచ్చనుకున్నడు."

అత్త ఆమె పక్కకి జరిగింది.

"పీనుగ దొరికేదాక నేను పొయ్యి ముందర కూసున్న. రొట్టెలు తట్టిన. పిండి అయిపోయేదాక తట్టిన. ఏందిరా గీమె, రాయి అన్నరు అందరు. నిజమే అనుకున్న నేను గూడ. ఏడుపే రాలె నాకు. ఈ పొద్దు గామె కొడుకా అని మొత్తుకుంటే, లోపలున్నదంత బయటికొచ్చింది." కొంగుతో ముక్కు తుడుచుకుంది. "గామెకు సచ్చిండా కొడుకు?"

"లేదు. ఆవిడకి పెళ్ళే కాలేదు" అంది అత్త.

"గట్లనా!" అరకేరమ్మ ఆశ్చర్యపోయింది. "అయినా మంచిగ ఏడ్సింది. మద్రాసుల కలిస్తే, నా దండాలు చెప్పు ఆమెకు."

అత్త వరిమళ్ళ వైపు తిరిగి కూర్చుంది. ఇంటికొచ్చేదాకా ఇటు తిరగలేదు. ఆ తర్వాత ఎవరడిగినా ఆ తల్లిని మాత్రం చేసి చూపించలేదు.

రెండు మూడు రోజులకి అత్త నన్ను వెంటబెట్టుకుని సింధనూరు వెళ్ళింది. పోస్టాఫీసులో మద్రాసుకి ట్రంకాలు చేసింది. గాజు తలుపు వెనకనుంచి నాకు పెదాలు కదలడమే కనిపించింది. అక్కణ్నుంచి మిల్లుకి వెళ్ళాం. ఉడికిన ధాన్యం ఆవిరి, తడి ఊక వాసన. ఆ వాసనకి నాకిప్పటికీ ఆకలేస్తుంది. మిల్లాయన లేచి కుర్చీ వేశాడు.

"మీ పిల్లలకి అమ్మ కావాలండి" అంది అత్త. "నేను వేషాలు వేసుకునే మనిషిని. ఆ మాట ఎత్తకుండా బతకలేనని ఈ మధ్యనే తెలిసింది నాకు. మిమ్మల్ని ఇన్నాళ్ళు ఆపినందుకు ఏమీ అనుకోకండి."

ఆయన కాసేపు ఊకకుప్ప వైపు చూశాడు. "కబురు పంపి ఊరుకోకుండా మీరే వచ్చి చెప్పారు. సంతోషం" అని మాకు టీ తెప్పించాడు.

వెళ్ళొస్తామని లేచాక చిన్నపిల్ల ఎక్కణ్నుంచో పరుగెత్తుకొచ్చి అత్త చెంగు పట్టుకుంది. అత్త దాని ముందు గొంతుకు కూర్చుంది. ఒక్కొక్క వేలూ విప్పి, ఆ చేతిని తీసి దాని పొట్ట మీదే పెట్టింది. బస్సులో ఇంటిదాకా కిటికీ అవతలే చూసింది. నేను పల్లీలు ఇస్తే తీసుకుంది కాని తినలేదు. దిగేటప్పుడు చూస్తే గుప్పిట్లోనే ఉన్నాయి.

నాయనమ్మ ఆ రోజు అన్నం తినలేదు. "కడుపున పుట్టకపోయినా ఒళ్ళో కూర్చునే పిల్లల్ని వదులుకుని, ఎవరికో అమ్మనని ఏడవడానికి పోతావుటే?" అని మళ్ళీ మళ్ళీ అడిగింది. అత్త తల్లి ఒళ్ళో తల పెట్టుకుని పడుకుంది.

కారు వచ్చింది. వాన కురిసి వెలిసిన పొద్దున, మద్రాసు నుంచి తెల్ల కారు, అందులో తెల్లచొక్కా వేసుకున్న సినిమా కంపెనీ మనిషి. నల్లరేగడి సంగతి వాళ్ళకేం తెలుసు. క్యాంపు మలుపులోనే చక్రాలు ఇరుసుల దాకా దిగబడ్డాయి. క్యాంపంతా చేరి సలహాలు చెప్పింది. చివరికి నాన్న వెళ్ళి ట్రాక్టరు తెచ్చాడు. మోకు కట్టాడు. ఇంజను అరిచింది, బురద మా అందరి మీదా పడింది, కారు గట్టెక్కింది. ఇంటి ముందు దాకా లాక్కొచ్చి, ఇంజను ఆపి, సీటు మీంచి దిగకుండా నాన్న అడిగాడు:

"ఏం వేషం?"

నాయనమ్మ ఇంట్లో ఉంది. ఎవరినడుగుతున్నాడో తెలియక మేం ఒకరి మొహాలొకరం చూసుకున్నాం. పెట్టె పట్టుకుని గుమ్మంలో నిలబడ్డ అత్త నెమ్మదిగా, "తల్లి వేషం" అంది.

"ఎవరికి?"

అత్త ఆ హీరో పేరు చెప్పింది.

నాన్న గిర్రున ఇటు తిరిగాడు. "వాడికా? వాడు నీకంటే పెద్దవాడు కదే! పోయినేడేగా వాడికి చెల్లెలివి, రైలు కదుల్తుంటే రుమాలు ఊపుతావు! అంతకు ముందు ఆ గుళ్ళో పాటలో కూడా వాడి వెనకాల ఎర్ర వోణీలో..." అని ఆగిపోయాడు.

అమ్మ వంటింటి కిటికీలోంచి, "ఎరువులకని సింధనూరు వెళ్ళేది ఇందుకా?" అంది.

"చూశావా అన్నయ్యా?" అంది అత్త.

"ఇక్కడికొచ్చినవన్నీ. రానివి రాయచూరు పోయి చూశాను." నాన్న గొంతులో కోపం ఉంది, కాని అది అత్త మీద కాదు. "ఒక్కదాంట్లోనైనా నిన్ను సరిగ్గా చూపించారుటే? మొహం చూద్దామనుకునేలోపే ఆ హీరోయినొచ్చి అడ్డం నిలబడుతుంది."

అప్పుడు ఏడ్చింది అత్త. ముక్కు ఎర్రబడి, పెదవి వంకరపోయి, చిన్నపిల్లలా. పైట అడ్డం పెట్టుకోవడం కూడా తోచలేదు.

"తల్లి వేషానికి ఎవరూ అడ్డం రారు అన్నయ్యా" అంది.

నాన్న ట్రాక్టరు దిగి, బురద చేతులు పంచెకి తుడుచుకుని, ఆమె చేతిలో పెట్టె తీసుకున్నాడు. దాన్ని కారులో పెట్టలేదు. ఇంట్లోకి తీసుకెళ్ళాడు. "తిని వెళ్ళు" అన్నాడు. తెల్లచొక్కా ఆయన కూడా మాతో పాటు కూర్చుని, నాయనమ్మ ఆవకాయతో రెండుసార్లు అన్నం వడ్డించుకున్నాడు.

ఆ తర్వాత ఆవిడ ఎందరికి తల్లయిందో. దొంగలకి, పోలీసులకి, కవలలకి, తనకంటే పెద్దవాళ్ళకి. కొన్నిట్లో మొదట్లోనే పోయి దండేసిన పటంలోకి వెళ్ళేది. కొన్నిట్లో ఆఖరిదాకా దగ్గుతూ ఉండేది. మొదటి సినిమా సింధనూరు వచ్చినప్పుడు కోతల కాలం. నాన్న ట్రాక్టరు తనే నడిపాడు. అరకేరమ్మ కూడా వచ్చింది. హాల్లోంచి బయటికొచ్చాక, "మా అమ్మ గూడ మంచిగనే ఏడ్సింది" అని నాన్న చేతులు పట్టుకుంది.

మిల్లాయన మరుసటేడు పెళ్ళి చేసుకున్నాడు. ఆ పిల్లలు బాగా పెరిగారు. చిన్నది నా పెళ్ళికొచ్చింది. అత్త దాన్ని గుర్తుపట్టింది, అది అత్తని గుర్తుపట్టలేదు.

ఇప్పుడు క్యాంపుకి పేరుంది, బోర్డుంది. కాలవకి సిమెంటు వేశారు. నీళ్ళు వదిలితే చప్పుడు లేకుండా వచ్చేస్తాయి, ముందు పరుగెత్తేందుకు పిల్లలూ లేరు. నాట్లు చాలావరకు యంత్రం వేస్తుంది. క్యాంపు చివర గుడిసెలుండిన చోట డీజిలు బంకు ఉంది. నాయనమ్మ, నాన్న, అరకేరమ్మ ఒకరి వెనక ఒకరు వెళ్ళిపోయారు. తర్వాత అత్త కూడా.

వెళ్ళడానికి ముందు ఏడాది, వేషాలు ఆగిపోయాక, ఒకసారి వచ్చి నా దగ్గర కొన్నాళ్ళుంది. జుట్టు నిజంగానే తెల్లబడింది. వసారాలో మంచం వేయించుకుని మధ్యాహ్నమంతా పడుకునేది. ఒకరోజు పక్కన కూర్చుని చిక్కుడుకాయలు వొలుస్తూ అడిగాను, ఎప్పుడైనా పొరపాటు చేశాననిపించిందా అత్తా అని.

"పిల్లల విషయంలోనా? అనిపించేది" అంది. "కొన్ని రోజులు బాగా అనిపించేది. మళ్ళీ పొద్దున్నే కారొచ్చేది." కళ్ళు మూసుకునే ఉంది. "అక్కడ అందరూ అమ్మా అనే పిలిచేవారు. డ్రైవరు అమ్మా, రంగు పూసేవాడు అమ్మా, దారిన పోయేవాళ్ళు అమ్మా. మర్యాదకే అనుకో. అలవాటైపోయింది. అత్తా అని పిలిచేది మాత్రం మీ ఇంట్లోనే."

ఎండ వసారా మెట్ల దాకా వచ్చింది. మంచం కాస్త లోపలికి జరపాలి. జరపడానికి లేచాను కాని, నిద్ర పట్టిందేమోనని ఆగాను.

"అత్తా" అన్నాను మెల్లిగా, ఏ పనీ లేకుండానే.

"ఊఁ" అంది.